గాజు గదికి గడియ

"నీ మోకాళ్ళ కోసమే కట్టించాను యాంగ్‌చెన్. ఇక చలికాలంలోనూ ఇక్కడే పడుకో," అన్నాడు మా ఆయన రిగ్జిన్.

వంటింటిని ఆనుకుని వేసిన ఆ గాజు గది పగలంతా వెచ్చగానే ఉంది. రాత్రయ్యేసరికి నా ఊపిరే అద్దాల మీద మంచై పేరుకుంది. పొయ్యి దగ్గరికి పోదామని లేచి తలుపు తోశాను. కదల్లేదు. గడియ వంటింటి వైపు పెట్టించాడని అప్పుడు తెలిసింది.

"ఏవండీ, తలుపు తీయండి."

వంటింట్లో మాటలు ఆగాయి. తర్వాత జోస్యుడి గొంతు వినిపించింది. మా లద్దాఖ్‌లో శవాన్ని ఎప్పుడెత్తాలో లెక్కగట్టేది ఆయనే. ఎవరైనా పోతే తప్ప రాత్రిపూట పిలవరు.

"ఆవిడ ఏ జంతువు సంవత్సరంలో పుట్టింది?"

"గొర్రె సంవత్సరంలోనండీ," అన్నాడు రిగ్జిన్.

"పోయిందెప్పుడు?"



"తెల్లారగట్ల అని రాసుకోండి."