నెల్లిమర్లలో నిఘా

"ఆ పెంకుటింటి మీంచి కళ్లు తియ్యకు. ఎవులొచ్చినా, ఎవులెళ్లినా నాకు సెప్పాల," అన్నాడు భీమశంకరరావు.

జగన్నాధం తలూపి, ఎదురుగా ఉన్న అరుగు మీద గోనె పరుచుకుని కూర్చున్నాడు. పక్కన తుప్పుపట్టిన గొడుగు ఊచలు, పటకారు, సూదీ దారం. ఆ వారం అతను నెల్లిమర్లలో గొడుగులు బాగుచేసేవాడు. అంతకుముందు ఒక్క గొడుగు కూడా బాగుచేసి ఎరగడు.

ఇద్దరూ మఫ్టీ పోలీసులు. భీమశంకరరావు ఆ పనిలోనే తల నెరిసినవాడు. జగన్నాధం చేరి ఏడాదైనా కాలేదు. శ్రీకాకుళం కొండల్లో గొడవలు మొదలైన రోజులవి. పోలీసులు ఏ ఊరి మీదికి వెళ్లినా వాళ్లకంటే ముందే కబురు వెళ్లిపోతోంది. లోపలివాడే ఎవడో చెబుతున్నాడని విజయనగరం ఆఫీసులో గుసగుసలు. ఒకరి వంక ఒకరు సరిగా చూడటం కూడా మానేశారు.

కొండల్లోకి కబుర్లు మోసే మనిషొకడు ఆ పెంకుటింటికి వచ్చిపోతుంటాడని భీమశంకరరావుకి తెలిసిందట. ఎలా తెలిసిందో చెప్పలేదు. ఆయన ఏదీ చెప్పడు. ఆయన ఇల్లెక్కడో, ఇంట్లో ఎవరున్నారో జగన్నాధానికి ఇంతవరకూ తెలియదు. జగన్నాధం సంగతులు మాత్రం ఆయన అన్నీ లాగేశాడు. భావనపాడు దగ్గర పొలం ఎంత, మేనమామలది ఏ ఊరు, చుట్ట అలవాటుందా లేదా. అవతలివాళ్లకి దొరికిపోతే అడిగేవి ఇవేననీ, తడుముకోకుండా చెప్పడం అలవాటు కావాలనీ అన్నాడు.

"మారువేషంలో అబద్ధం ఎంత తక్కువుంటే అంత మంచిది. సేసే పనొక్కటే అబద్ధం. మిగతాదంతా నిజమే సెప్పు." ఇదీ ఆయన బోధ.

ఆయన మాత్రం కాషాయం కట్టుకుని వీధుల్లో తిరిగేవాడు. టీ కొట్టు అప్పలస్వామి ఆయనకి వంగి దండం పెట్టి, "పోలీసు బావు బాగున్నారా" అని పలకరించేవాడు.

మర్నాడు ఆ ఇంట్లోంచి ఒకమ్మాయి విరిగిన గొడుగు తీసుకుని వచ్చింది. జగన్నాధం ఊచలు విప్పగలిగాడు గానీ తిరిగి బిగించలేకపోయాడు. వేలు కోసుకుంది. నెత్తురు చొక్కాకి తుడుచుకుని మళ్లీ మొదలుపెట్టాడు. ఆమె కదలకుండా నిలబడి చూస్తోంది. చూస్తూ చూస్తూ ప్రశ్నల్లోకి దిగింది. ఏ ఊరు, ఎంతమంది అన్నదమ్ములు, ఎందాకా చదివారు. గురువు చెప్పినట్టే అన్నిటికీ నిజం చెప్పాడు.

"కోపం ఎక్కువా మీకు?" అని అడిగింది చివరికి.

జగన్నాధం పటకారు కింద పెట్టేశాడు. గొడుగులు బాగుచేసేవాణ్ని పట్టుకుని 'మీరు' అనేవాళ్లెవరు? తన వేషం తెలిసిపోయింది.

పరుగున వెళ్లి చెబితే భీమశంకరరావు ఏమీ కంగారుపడలేదు. మనిషెలా ఉందని మాత్రం అడిగాడు.

"తెలివైంది సార్. కళ్లల్లోకి సూటిగా చూసి అడుగుతాది. బెదురన్నదే లేదు. అలాంటోళ్లతోనే మనం జాగ్రత్తగుండాల."

ఆయన గడ్డం నిమురుకుని, రేపు కూడా అక్కడే కూర్చోమన్నాడు.

మర్నాడు మధ్యాహ్నం వాన పట్టుకుంది. జగన్నాధం గోనె లాక్కుని అరుగు చివరికి, చూరు కిందికి జరిగాడు. అక్కణ్నుంచి సందులోకి ఆ ఇంటి పెరటి తలుపు కనబడుతుంది. కాషాయం కట్టిన మనిషొకడు అటూ ఇటూ చూసి, తలుపు తట్టకుండానే లోపలికి దూరాడు. చాలాసేపటికి మూతి తుడుచుకుంటూ బయటికొచ్చాడు. భీమశంకరరావే.

"ఈయేళ ఎవులైనా ఒచ్చినారేటి?" అని సాయంత్రం అడిగాడాయన.

"లేదు సార్," అన్నాడు జగన్నాధం. గురువుకి అతను చెప్పిన మొదటి అబద్ధం అదే.

కొండల్లో తనకి మన్యం జ్వరం తగిలినప్పుడు ఆ ముసలాయనే వీపున మోసుకుని బస్సు రోడ్డుదాకా తెచ్చాడు. ఇప్పుడు ఆయన్నే పట్టివ్వాలా? పట్టివ్వకపోతే, రేపు ఆ కొండల్లో చావబోయే తోటివాళ్ల సంగతేమిటి?

తెల్లారగానే బస్సెక్కి విజయనగరం వెళ్లి ఇనస్పెక్టరుకి అంతా చెప్పేశాడు.

ఇనస్పెక్టరు కిటికీ వైపు తిరిగి, "నీ గురువు గదా. మనసెలా ఒప్పింది?" అన్నాడు.

"ఒప్పలేదు సార్. అయినా వచ్చాను."

భీమశంకరరావు ఆ ఇంట్లోకి వెళ్లగానే వెనకే వెళ్లమన్నాడు ఇనస్పెక్టరు. ఒంటరిగా, ఉత్త చేతులతో వెళ్లమన్నాడు. అక్కడ ఏం చూసినా తొందరపడొద్దన్నాడు. ఈయన కూడా ఆ జట్టులోవాడేనా అని జగన్నాధానికి కొత్త భయం పుట్టింది. అయినా మధ్యాహ్నానికి అరుగు మీదికి చేరుకున్నాడు.

ముసురు విడవలేదు. కాషాయం పెరట్లోకి దూరింది. జగన్నాధం సందు దాటి, తలుపు తోసుకుని, వంటింటి గుమ్మంలో నిలబడ్డాడు.

భీమశంకరరావు బనీనుతో పీట మీద కూర్చుని భోంచేస్తున్నాడు. ఓ పెద్దావిడ పులుసు వడ్డిస్తోంది. కాషాయం దండెం మీద ఆరుతోంది.

"లేవండి సార్. ఆఫీసుకి పోదాం," అన్నాడు జగన్నాధం.

పెద్దావిడ చేతిలో గరిటె ఆగిపోయింది. భీమశంకరరావు మాత్రం బెదరలేదు. లోపలిగది గుమ్మం వైపు చూశాడు. అక్కడ ఆ అమ్మాయి నిలబడి ఉంది. జగన్నాధాన్ని, నీళ్లు కారుతున్న అతని జుట్టునీ, గుడ్డ చుట్టిన వేలినీ తీరిగ్గా చూసి, భీమశంకరరావు వైపు తిరిగింది.

"ఇంకీయన్ని వానలో కూకోబెట్టకు నాన్నా, నాకు నచ్చినాడు," అంది.