రేవుకో పోటు

"జరగండి బాబూ, అది నా తావు."

నెత్తిమీది చేపల గంప దించుకుంటూ పోతమ్మ కసిరింది.

సిమెంటు దిమ్మ మీద కూర్చున్న ముసలాయన గబుక్కున లేచాడు. ఉతికిన చొక్కా, చంకలో గొడుగు. చేపలకొచ్చిన మనిషిలా లేడు.

"ఏటి కావాల?"

"ఏమీ వద్దమ్మా. ఊరికే కూర్చున్నాను."

ఫిషింగ్ హార్బర్‌లో ఊరికే కూర్చునేవాళ్లుండరు. తెల్లారకముందే బోట్లు వస్తాయి, చేపల వేలం మొదలవుతుంది. అయినా ఆయన మర్నాడూ వచ్చాడు. ఆ మర్నాడూ వచ్చాడు.

పేరు రత్నరాజు. ఇల్లు కంచరపాలెం. సముద్రపు పోటు ఏ వేళకి ఎంత ఎత్తు లేచిందో కొలిచి రాసే ఉద్యోగం పోర్టులో చేసి, ఆ ఏడే రిటైరయ్యాడు.

అది 1981. పోతమ్మ భర్త గవర్రాజు ఎక్కిన మరబోటు తుపానులో జాడ లేకుండా పోయి అప్పటికి రెండేళ్లు. ఆ బోటులో వెళ్లిన మిగతావాళ్ల ఇళ్లలో కర్మలు అయిపోయాయి. పోతమ్మ చెయ్యనివ్వలేదు. వచ్చే ప్రతి బోటులోనూ మొహాలు వెతికేది. ఇంట్లో భర్త కంచంలో అన్నం పెట్టి మూత వేసేది. తను మాత్రం సరిగా తినేది కాదు.

"కర్మ సెయ్యకపోతే అన్న అలా గాల్లోనే తిరుగుతాడొదినా," అని మరిది కన్నబాబు బతిమాలేవాడు.

"పోయినాడని నువ్వు సూసేవేట్రా?" అని ఆమె అరిచేది.

రత్నరాజుకి ఈ సంగతంతా ఆమే చెప్పింది.

"ఆ డ్రైవరు ఎదవ కొత్తగా సేరినాడు బాబూ. మబ్బు సూసి కూడా బోటు తిప్పలేదు. ఆణ్ణి కన్న కడుపు కాలిపోనూ!"

రత్నరాజు తల వంచుకుని విన్నాడు.

ఒకరోజు పోతమ్మే అడిగింది.

"పెద్దోరు మీరు సెప్పండి. నా మొగుడు ఉన్నాడంటారా, లేడంటారా?"

ఆయన నీళ్లకేసి చూశాడు.

"ముప్పై ఏళ్లు పోటు కొలిచానమ్మా. నాకో ఊహ తోచింది. నవ్వుతారని ఎవరికీ చెప్పలేదు."

"నాను నవ్వను. సెప్పండి."

"పోటు ఒకటే. కానీ భీమిలికి ఒక వేళకు తగులుతుంది, మనకి ఇంకో వేళకి, కాకినాడకి మరో వేళకి. కాలమూ అంతే. మనలాంటి లోకాలు ఈ తీరం పొడుగునా ఉన్న రేవుల్లా పక్కపక్కనే బోలెడున్నాయి. ఒకే కాలం ఒక్కో లోకానికి ఒక్కో వేళకు చేరుతుంది. ఒకచోట ఆ బోటు ఇంకా బయల్దేరనే లేదు. ఒకచోట ఇప్పుడే వల వేస్తోంది."

"అన్ని సోట్లా మునిగిపోద్దా మరి?"

"లేదమ్మా. పోటు ఒకటే అయినా అన్ని రేవుల్లో ఒకే ఎత్తు లేవదు. ఒకచోట ఆ డ్రైవరు మబ్బు చూసి బోటు వెనక్కి తిప్పాడు."

"అక్కడ నా మొగుడు ఇంటికొచ్చీసేడా?"

"వచ్చేశాడు."

"అన్నం తిన్నాడా?"

"తిని పడుకున్నాడు."

పోతమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది.

"నాను ఆ లోకానికి ఎల్లలేనా బాబూ?"

"ఒక రేవులో నిలబడి ఇంకో రేవు పోటు చూడలేమమ్మా. మన రేవుకి ఆ పోటు వచ్చింది. వెళ్లిపోయింది."

ఆ వారమే కన్నబాబు అన్నకి కర్మ చేశాడు. పోతమ్మ రెండేళ్ల ఏడుపు ఒక్క పూటలో ఏడ్చింది. కంచం కడిగి బోర్లించింది. తను కడుపునిండా తింది.

"మనసు కుదుటపడింది బాబూ," అని వచ్చి చెప్పింది.

రత్నరాజు ఏదో అనబోయి ఆగిపోయాడు. గొడుగు తీసుకుని వెళ్లిపోయాడు.

తర్వాత ఆయన రాలేదు.

పది రోజులు చూసి, ఎండు నెత్తళ్ల చేపలు మూట కట్టుకుని పోతమ్మ కంచరపాలెం వెళ్లింది. రైలు పట్టాల పక్క సందులో ఇల్లు చూపించారు. ఆయన భార్య ఆరోగ్యమ్మ తలుపు తీసింది.

"రత్నరాజు బాబు ఉన్నారా అమ్మా?"

"పోయిన ఆదివారం సమాధి చేశాం. గుండె ఆగింది. ఎవరమ్మా మీరు?"

పోతమ్మ చేతిలో మూట గుమ్మంలోనే దించింది.

"పోతమ్మని. హార్బర్లో సేపలమ్ముతాను."

ఆరోగ్యమ్మ తలుపు పట్టుకుని నిలబడిపోయింది.

"గవర్రాజు భార్యవా?"

"నా మొగుడి పేరు మీకెలా తెలుసు?"

"నిన్ను క్షమాపణ అడిగొస్తానని రోజూ తెల్లారకముందే బయల్దేరేవారు. ఇవాళా అడగలేకపోయానని తిరిగొచ్చేవారు."

"ఆయన నన్ను అడగడమేటి? నాకు బతుకిచ్చేరమ్మా. ఆయన సేసిన తప్పేటి?"

"ఆయన కాదమ్మా," అంది ఆరోగ్యమ్మ మెల్లగా. "ఆ రోజు ఆ బోటు నడిపింది మా అబ్బాయి."