ఒక్క మాట అడగలేదు

బాయిలరు నడిపే యోహానుని బియ్యం మిల్లులోంచి తీసేశారన్న సంగతి సాయంత్రం కూత పడేలోపే కనకాలపేటంతా పాకిపోయింది. రోజూ ఆ కూత వేసే మనిషి యోహానే. ఆ సాయంత్రం మాత్రం అతని కింద పనిచేసే పెదబాబు వేశాడు.

యానాంలో ఫ్రెంచి జెండా దిగి రెండేళ్ళయింది గానీ, బ్రాందీ కొట్లు ఎక్కడివక్కడే ఉన్నాయి. గోదావరికి అవతల నిషేధం, ఇవతల ఎంత కావాలంటే అంత. అలాంటి ఊళ్ళో పుట్టి కూడా చుక్క ముట్టని మనిషి యోహాను. అతను ఆ మధ్యాహ్నం బాయిలరు గదిలో క్యారేజీ విప్పితే, అడుగు గిన్నెలో అన్నం కిందనించి చిన్న బ్రాందీ సీసా బయటపడింది. అదీ మిల్లు షావుకారు వీర్రాజు గారు రోజూలాగే మీటరు చూడ్డానికి లోపలికొచ్చిన సమయానికి.

“బాయిలరు దగ్గర తాగుబోతునా నేను పెట్టుకున్నది! ఇంతమంది ప్రాణాలయ్యా! రేపట్నుంచి రావద్దు,” అన్నారు షావుకారు.

అంతే. ఇదేంటి, ఎక్కడిది అని ఒక్క మాట అడగలేదు.

యోహానుకి ఉద్యోగం పోయినదానికంటే అదే ఎక్కువ మండింది.

“తీసెయ్యనీ. నన్నడిగి తీసెయ్యాలి కదా! దొరల కాలంలో దొంగోణ్ణయినా నువ్వేమంటావురా అని అడిగేవోరు,” అని ఇంట్లో కేకలేశాడు.

“పోనీలే, వదిలెయ్యి,” అంది భార్య ఆనందమ్మ, అతని మోచేతికి కొబ్బరినూనె రాస్తూ. బాయిలరు అతుకు వదిలి, అందులోంచి కొట్టిన ఆవిరికి పోయిన నెల కాలిన చెయ్యి అది. అతుకు సంగతి చెబితే, సీజను అయ్యాక చూద్దాంలే అన్నారు షావుకారు. “దరియాలతిప్పలో మా అన్నకి నావుంది. వలేసుకు బతుకుదాం.”

“నేను తాగానా?”

“తాగలేదని నాకు తెలుసు, దేవుడికి తెలుసు. చాలదా?”

“చాలదు. మిల్లోళ్ళందరికీ తెలియాలి.”

క్యారేజీ రోజూ బాయిలరు గదిలో మేకుకే వేలాడుతుంది. ఆ గదిలో ఉండే రెండో మనిషి పెదబాబు. పొయ్యిలోకి ఊక ఎత్తిపోస్తాడు. ఇద్దరు పిల్లల తండ్రి. పని నేర్పింది యోహానే. ఇప్పుడు యోహాను స్టూలు మీద కూర్చున్నది ఆ పెదబాబే. ఇంక వేరే ఆలోచన ఎందుకు? ఏ గిన్నెలోంచి తీసి వాడికి ముద్ద పెట్టాడో, ఆ గిన్నెలోనే వాడు సీసా పెట్టాడు.

యోహాను వెళ్ళి మిల్లు గేటు దగ్గర కూర్చున్నాడు. పొద్దున్నే వస్తాడు, సాయంత్రం కూత విని వెళ్తాడు. వచ్చేపోయేవాళ్ళందరితో ఒకటే మాట, “నన్నడగమనండి.” చివరికి కూలీలు కూడా పని ఆపి అదే మాట అనేసరికి షావుకారు దిగొచ్చారు.

ఆనందమ్మని కూడా పిలిపించి, ధాన్యం ఆరబోసే కళ్ళంలో, అందరి ముందూ అడిగారు.

“సీసా నీదా?”

“కాదండి.”

“ఏమ్మా, మీ ఆయనకి అలవాటుందా?”

ఆనందమ్మ చాలాసేపు తలెత్తలేదు. ఊరంతా ఆమె నోటివైపే చూస్తోంది.

“లేదండి,” అంది చివరికి. “చర్చిలో ద్రాక్షరసం కూడా పెదవికి తగిలించి వదిలేత్తారండి.”

“మరి సీసా ఎలా వచ్చిందయ్యా?”

యోహాను పెదబాబు వైపు చెయ్యి చూపించాడు.

“ఓహో! సరే, యోహానూ, రేపట్నుంచి నువ్వు పనిలోకి రా. కానీ ఇంకోసారి సీసా కనబడిందా, ఈ అడగడాలూ చెప్పడాలూ ఉండవు. పెదబాబూ, నువ్వు నడువు.”

“బాబూ, నా మాట కూడా...” అన్నాడు పెదబాబు. షావుకారు అప్పటికే లేచిపోయారు. పెదబాబు యోహాను చెయ్యి పట్టుకున్నాడు. “అన్నా, నువ్వైనా చెప్పన్నా. నన్నోమాట అడగమను.”

యోహాను చెయ్యి విడిపించుకుని మొహం తిప్పుకున్నాడు.

మర్నాడు పొద్దున్నే లేచి, ఉతికిన ఖాకీ చొక్కా తొడుక్కున్నాడు. ఇన్నాళ్ళకి మనిషి మొహంలో కళ కనబడింది.

“ఆ అతుకు వేయించేదాకా వెళ్ళకయ్యా, నీకు దణ్ణం పెడతాను,” అంది ఆనందమ్మ.

“నేనుండగా దానికేం కాదు. నువ్వు క్యారేజీ సర్దు,” అని నవ్వుతూ చెప్పుల కోసం వీధిలోకి వెళ్ళాడు.

ఆనందమ్మ కళ్ళు తుడుచుకుని, అడుగు గిన్నెలో ఇంకో బ్రాందీ సీసా పడుకోబెట్టి, దాని మీద అన్నం సర్ది, క్యారేజీ బిగించింది.