కాడల తూకం

సూర్యాపేట కోర్టు గేటు దగ్గర రూతమ్మ వకాలతు కాగితాన్ని నలిపి ముసలాయన కాళ్ల ముందు పడేసింది.

"గంజాయి దిక్కు మాట్లాడెటోనివి, నా కొడుక్కు నువ్వు వకీలువా?"

ఆయన పేరు పర్వతాలు. ఇరవై ఏళ్లుగా మెడలో అట్ట వేలాడదీసుకుని అదే గేటు దగ్గర నిలబడుతున్నాడు. చట్టం మార్చాలి, గంజాయి అలవాటైనవాణ్ని జైలుకు కాదు, దవాఖానకు పంపాలి అని దాని మీద ఉంటుంది. ఢిల్లీకి రాసిన అర్జీల్లో ఒక్కదానికీ జవాబు రాలేదు. తోటి వకీళ్లు మాత్రం 'గంజాయి వకీలు' అని పేరు పెట్టి నవ్వుకున్నారు.

రూతమ్మది వేములపల్లి. వడ్ల కొనుగోలు కేంద్రంలో తూర్పారబట్టే పని. కొడుకు వినయ్ కోదాడలో చిన్న సంచితో దొరికాడు. కిలోన్నర అని రాశారు. కిలో దాటితే పదేళ్ల దాకా పడొచ్చు.

పర్వతాలు వంగి కాగితం తీసుకుని సాపు చేశాడు.

"వడ్లకు తాలు పేరు మీద తరుగు తీస్తరు గదమ్మా. నీ కొడుకు సంచిల కాడలకు ఎందుకు తియ్యరు? పువ్వే గంజాయని చట్టంలనే ఉన్నది."

రూతమ్మకు ఒళ్లు మండిపోయింది. కాడల సంగతి ఆమెకు ఒకరు చెప్పాలా?

భర్త నాగయ్య ఎవరిదో మూట మోస్తూ దొరికినప్పుడు ఆమె పురిటికి పుట్టింట్లో ఉంది. పచ్చి కాడలు, వేళ్ల మట్టితో సహా తూస్తే ఇరవై కిలోలు దాటింది. అంత దాటితే బెయిలు కష్టం, రాలేదు. మూడో ఏడు జైల్లోనే పోయాడు. కొడుకును ఎత్తుకోనే లేదు.

"మట్టిని తూచిన ఆ ఎస్సై మొకం నేను సూడలే, పేరు తెల్వదు. గని ప్రతి ఆదివారం చర్చిల వాణ్ని శపిస్తనే ఉన్న."

"శపించమ్మా. ఇడిసిపెట్టకు," అన్నాడు పర్వతాలు.

ఆమె వెళ్లిపోయింది. ఆయన జైలుకు వెళ్లి వినయ్‌తోనే సంతకం పెట్టించుకున్నాడు. వాయిదా మీద వాయిదా పడినా వదల్లేదు. చివరికి కాడలు వేరు చేసి కోర్టులోనే తూచమని జడ్జి ఆర్డరు వేశాడు.

తూచే రోజు పర్వతాలు రాలేదు. అంతకుముందు రోజే గుండె ఆగింది. జూనియర్ శ్రీలత నిలబడి తూయించింది.

కిలో కూడా లేదు. ఎనిమిది వందల గ్రాములు.

కాడలను లెక్కేసి ఒక పిల్లవాణ్ని ఏడు నెలలు లోపల పెట్టినవాళ్లు, ఆ కాడలను ఊడ్చి బుట్టలో వేసి టీకి వెళ్లారు. ఒక్కడికీ సిగ్గనిపించలేదు.

వినయ్ బయటికి రాగానే రూతమ్మ అతన్ని వెంటబెట్టుకుని పర్వతాలు గదికి వెళ్లింది. గోడకు ఆ అట్ట ఆనించి ఉంది. దాన్ని చూడగానే ఏడుపు ఆగలేదు.

"అంత మంచోని మొకం మీదనే కాగితం నలిపిన బిడ్డా. ఈ ఆదివారం ఆయన పేరు మీద ప్రార్థన పెట్టిస్త."

శ్రీలత ఒక పాత ఫైలు తెచ్చి ఆమె చేతిలో పెట్టింది. "మీకే ఇయ్యమన్నడమ్మా. ఈ కేసు తర్వాతనే నౌకరీ ఇడిసిపెట్టి లా చదివిండట."

వినయ్ పై కాగితం చదివాడు: ముద్దాయి నాగయ్య, తూకం ఇరవై ఒక్క కిలోలు, తూచినవారు ఎక్సైజ్ ఎస్సై పర్వతాలు.