ఎర్ర గుడ్డలు

ఏన్కూరు దాటాక, అడవి అంచున, కాలువ కట్ట మీద ఓ ఆటో ఆగింది.

దిగిన పెద్దమనిషి దుమ్ముకు తాళలేక జేబురుమాలుతో ముక్కూ నోరూ కప్పుకున్నాడు.

గట్టు మీద గడ్డి కోస్తున్న సుబ్బరత్నం చేతిలో కొడవలి ఆగిపోయింది.

మొత్తం మొహం చూస్తే ఆమె గుర్తుపట్టేది కాదు. ఆ పై సగాన్ని మాత్రం చచ్చినా మరిచిపోదు.

కాలువకు పోగా మిగిలిన చెలక, కాలువకు నీళ్ళు వదిలిన ఏడాదే ఊట దిగి జాలు పట్టింది. నష్టం చూడమని మొర పెట్టుకుంటే ఆఫీసరు వచ్చాడు. జీపు దిగలేదు. అద్దం సగం దించి చూశాడు. పచ్చటి గడ్డి కనిపించింది. 'మిగిలిన భూమికి ఎలాంటి నష్టమూ లేదు' అని రాసి, కింద ఉదయ్ భాస్కర్ అని సంతకం పెట్టి వెళ్ళిపోయాడు.

గడ్డి కింద మనిషిని మింగే బురద ఉందని అద్దానికేం తెలుసు!

ఎక్కువ పరిహారం కోసం కోర్టుకెక్కితే, లాయరు అంజుమ్ తల పట్టుకుంది.

"నష్టమైందని రుజువు చెయ్యాల్సింది మనమేనమ్మా. ఫొటో తీస్తే మీ పొలం పెళ్ళికూతురోలె ఉంటది. ఊరోళ్ళు చెప్తే మీ వాళ్ళే కదా అంటరు. సాక్షిని నేను వెతుకుత, మీరు నోరు అదుపుల పెట్టుకోండ్రి."

భర్త బసవపున్నయ్య ఆఫీసుల చుట్టూ తిరిగి తిరిగి పోయినేడు కన్నుమూశాడు. అప్పటినుంచీ సుబ్బరత్నానికి ఒకటే కోరిక. ఆ సగం మొహం వాణ్ణి ఒక్కసారి ఈ పొలంలో నడిపించాలి.

"అమ్మా, బసవపున్నయ్య గారి పొలం ఇదేనా?"

"అవ్ సారూ."

"దిగి చూడొచ్చా? నేల గట్టిగానే ఉందా?"

దేవుడు ఆటో కిరాయికి మాట్లాడుకుని మరీ వచ్చి వరమిచ్చినట్టుంది.

"ఎందుకుండదు సారూ? ఎసుంటి నష్టం లేదు. సిమెంటు రోడ్డోలె ఉంటది. జర ఆగుండ్రి."

గొడ్డూగోదా దిగకుండా పొలం చుట్టూ ఎర్ర గుడ్డలు కట్టిన కర్రలు పాతి ఉన్నాయి. కట్ట వైపు ఉన్నవాటిని ఒక్కొక్కటే పీకి చంకలో పెట్టుకుంది.

"అవేంటమ్మా?"

"దిష్టికి పెట్టిన సారూ. పొలం మరీ బాగుందని."

పక్క చేలో మేకలు కాస్తున్న రెడ్యా కేకేశాడు. "అక్కా, ఏం చేస్తున్నవే? మనిషి దిగబడ్తడు!"

"నువ్వు నోర్ముయ్. గొడ్లకు చెప్పినట్టు ఆఫీసర్లకు చెప్పాల్నా?"

అప్పటికే ఆయన పొలంలోకి దిగాడు. రెండడుగులు బాగానే పడ్డాయి. మూడోది మోకాలి దాకా, నాలుగోది తొడ దాకా దిగింది. కంగారుగా వెనక్కి తిరగబోయాడు. కాలు మాత్రం తిరగలేదు.

ఎముక పటుక్కుమంది.

గేదెల్ని లాగే మోకు విసిరి రెడ్యా ఆయన్ని గట్టున పడేశాడు. చెప్పులు పొలంలోనే ఉండిపోయాయి.

"నష్టం ఉందమ్మా... చానా ఉంది," అన్నాడాయన పళ్ళు బిగబట్టి.

"జీపు అద్దంల కెళ్ళి అగుపడలేదా సారూ?"

ఆయన బురద చేతులు రెండూ జోడించాడు. ఏదో చెప్పబోయాడు కానీ నొప్పి చెప్పనివ్వలేదు. రెడ్యా ఆటోలో ఎక్కించి ఖమ్మం దవాఖానాకు తీసుకుపోయాడు.

సుబ్బరత్నం ఇంటికొచ్చి, చంకలో కర్రలు వసారా మూలకు చేర్చి, కాళ్ళు కడుక్కుని, భర్త ఫొటో ముందు బెల్లంముక్క పెట్టింది.

"నడిపించిన," అంది.

చాలాకాలం తర్వాత అన్నం రుచిగా ఉంది. చెయ్యి కడగకముందే ఫోన్ మోగింది.

"సుబ్బరత్నమ్మా, రేపు జల్దీ రాండ్రి!" అంజుమ్ గొంతులో పండగ. "ఆఖరి వాయిదా. రేపు సాక్షి బోనెక్కకపోతే కేసు కొట్టేస్తరు. మనకేం భయం లేదు, సాక్షి దొరికిండు."

"ఎవరు మేడమ్?"

"పేరు చెప్తే మీరు చీపురు తిరగేస్తరని ఆయనే చెప్పొద్దన్నడు. రిటైరైండు. 'తప్పు రాసింది నేనే, జడ్జి ముందు నేనే ఒప్పుకుంట' అన్నడు. ఇయ్యాల మీ దిక్కు వచ్చిండా?"

సుబ్బరత్నం చూపు వసారా మూలనున్న ఎర్ర గుడ్డల మీద పడింది.

"ఈసారి పొలంల కాలు పెట్టి చూడనిదే ఒక్క ముక్క చెప్పనన్నడమ్మా, ఆ ఉదయ్ భాస్కర్ సారు!"