టకటక బాబాయి ఖాళీలు

“బాబాయ్! ఆగండాగండి! ఆ కట్టలో చివరి కాగితం మీది కాదు!”

ప్రూఫులు దిద్దే అమ్మాయి మెట్లు రెండేసి చొప్పున దిగి వచ్చింది. వచ్చేసరికే ఆలస్యమైపోయింది. అచ్చాఫీసు కింది గదిలో, అక్షరాల గూళ్ళ ముందు నిలబడ్డ టకటక బాబాయి ఆఖరి సీసపు అక్షరాన్ని అప్పుడే వరుసలో బిగించాడు. ఆయన అక్షరాలు పేరుస్తుంటే వచ్చే చప్పుడే ఆయన పేరైపోయింది. అసలు పేరు ఆయనకైనా గుర్తుందో లేదో!

“నాది కాకపోతే ఎవరిదమ్మా? కట్టలో వచ్చింది, కట్టేశాను” అన్నాడు.

అమ్మాయి ఆ కాగితం లాక్కుంది. అది పుస్తకం అంకితం పేజీ. రేపు సాయంత్రం దాకా లోకంలో ఒక్క మనిషి కంట పడకూడదు. ఆ ఒక్క మనిషీ ఈయనే.

పుస్తకం మేష్టారిది. పేరు ‘ఖాళీలు, గుర్తులు’. ఆకాశం చూసేవాళ్ళకు ఖాళీ అంటే చుక్కల మధ్య చీకటి. పాడేవాళ్ళకు స్వరాల మధ్య మౌనం. ఎముకల డాక్టరుకు కీళ్ళ మధ్య సందు. కంప్యూటరుకు అదీ ఒక అంకె. ఇలా ఖాళీ గురించి మేష్టారు ఖాళీ లేకుండా రెండు వందల పేజీలు రాశారు. మిగతా రెండు వందలూ గుర్తుల గురించి: చుక్కా గీతా కలిసి మోసే తంతి కబురు, మగ్గానికి పువ్వు నేయడం నేర్పే చిల్లుల అట్ట, ఇంకా ఎన్నో.

“ఇరవై ఏళ్ళుగా నా పుస్తకాలన్నీ ఆయనే పేర్చాడమ్మా” అని మేష్టారు పోయిన వారం అమ్మాయిని పక్కకు పిలిచి చెప్పారు. “నేనెంత గొప్పగా రాసినా ‘శుభ్రంగా వచ్చిందండీ’ అంటాడు. ముఖంలో ఒక్క గీత కదలదు. పుస్తకం బయటికొచ్చే రోజే ఆయన ఉద్యోగానికి ఆఖరి రోజు. నాకా, ఇంకో పుస్తకం రాసే ఓపిక లేదు. ఆ మనిషి ఆశ్చర్యపోవడం ఒక్కసారి చూడాలి. కాస్త కాపాడు తల్లీ!”

ఆ ఒక్క పేజీ తానే పేరుస్తానని ప్రెస్సు యజమాని మాటిచ్చాడు. ఎవరికీ కనబడకూడదని అమ్మాయి దాన్ని ఆఖరి అధ్యాయం కాగితాల వెనక దాచింది. దాచిన చోటు మరిచిపోయి, కట్ట కట్టంతా కిందికి పంపేసింది. లోకం తప్పులన్నీ పట్టడం ఆ పిల్ల ఉద్యోగం. ఆ పిల్ల తప్పు పట్టడానికి మాత్రం ఎవర్నీ పెట్టలేదు.

“ఏమ్మా అలా చూస్తున్నావు? తప్పు పడిందా?”

టకటక చేతిలో తప్పా! చేతిరాత కాగితం ఆయన ముట్టడు. “నాకు పడదు, టైపు కొట్టించండి” అంటాడు. టైపులో ఉన్నది మాత్రం చుక్క పోకుండా దింపేస్తాడు. ఓసారి మేష్టారు అధ్యాయం మధ్యలో ‘ఇక్కడ మంచి ఉదాహరణ వెతకాలి, ఇప్పుడు ఆకలేస్తోంది’ అని తనకోసం టైపు చేసుకున్నారు. టకటక ఆ ఆకలిని కూడా అచ్చుకు ఎక్కించాడు. ఇదేంటయ్యా అంటే “మీరు రాసింది మార్చడానికి నేనెవర్నండీ?” అన్నాడు. ఆ నిష్ఠకు ప్రెస్సు మొత్తం దణ్ణం పెట్టింది.

“తప్పేం లేదు బాబాయ్. మరి... ఇది పేరుస్తుంటే మీకేమీ అనిపించలేదా?”

“అనిపించకేం? రెండో వరుసలో ఖాళీ తక్కువైంది. మాటల మధ్య సన్న సీసపు ముక్క తీసి లావుది వేశాను. చదివేటప్పుడు నీకు ఊపిరి ఆడాలి కదా.”

అది నిజమే. రోజూ భోజనాలయ్యాక అమ్మాయి ప్రూఫులు పైకి చదువుతుంది. బాబాయి పీట వేసుకుని, కళ్ళు మూసుకుని వింటాడు. ఆమె ఊపిరి ఎక్కడ తీసుకుందో గుర్తుపెట్టుకుని, వెళ్ళి అక్కడ ఖాళీ సర్దుతాడు. అందుకే ఆయన పేర్చిన పేజీ చదివితే ఎవరికీ ఆయాసం రాదు. మాట మేష్టారిది, మాట ఆడే చోటు బాబాయిది.

“ఇదీ చదువు మరి, వింటాను” అని పీట లాగాడు.

“వద్దు బాబాయ్! ఇది... ఇది చదవక్కర్లేదు.”

“సరే, నీ ఇష్టం” అన్నాడు. ముఖం కొంచెం చిన్నబోయింది.

‘అన్నీ తెలిసి ఎంత గుట్టుగా ఉన్నాడు, మహానుభావుడు!’ అనుకుంది అమ్మాయి. మేష్టారికి చెప్పే ధైర్యం చాలక ఆ రాత్రి అన్నం సహించలేదు.

మర్నాడు సాయంత్రం పై గదిలో అందరూ చేరారు. మేష్టారు పుస్తకం తెరిచి, గొంతు సవరించుకుని చదివారు.

“ఈ పుస్తకంలో మాటలు మాత్రమే నావి. వాటికి ఊపిరి పోసినవి కింది గదిలో రెండు చేతులు. ఇది ఆ చేతులకే అంకితం.”

అమ్మాయి బాబాయి వంక చూసింది.

టకటక ముందు వెనక్కి తిరిగి చూశాడు, ఎవరి చేతులా అని. వెనక గోడ తప్ప ఎవరూ లేరు. సిరా ఇంకిన తన చేతులు తానే చూసుకున్నాడు. నోరు తెరిచాడు, మూయడం మరిచాడు. కళ్ళు నిండిపోయాయి.

“పడ్డాడు! ఆశ్చర్యపడ్డాడు!” మేష్టారు చిన్నపిల్లాడిలా చప్పట్లు కొట్టి, పుస్తకాన్ని ఆయన చేతిలో పెట్టారు. టకటక దాన్ని తలకిందులుగా పట్టుకుని ఆ పేజీని తడిమాడు. గదంతా గొల్లుమంది.

“ఇన్నాళ్ళూ తలకిందుల అక్షరాలతోనే కాపురం చేశాడు మరి! అలవాటు ఎక్కడికి పోతుంది!” అన్నాడు యజమాని.

జనం కాఫీల మీద పడ్డాక అమ్మాయి మెల్లగా బాబాయి పక్కన చేరింది. ఆమెకూ కళ్ళు చెమర్చాయి.

“మేష్టారి కోసం ఎంత బాగా నటించారు బాబాయ్! నిన్ననే చదివేసి కూడా!”

టకటక అటూ ఇటూ చూశాడు. పుస్తకం ఆమె చేతికిచ్చి, ఓ పీట లాక్కుని కూర్చుని, కళ్ళు మూసుకున్నాడు.

“చదవడం వస్తే కదమ్మా!”