ఒక్క లీటరు నీళ్లు

"ఒక్క లీటరే గద టీచరమ్మా! గీ మాత్రానికి అంత లెక్కేంది?"

బడి గుమ్మంలో గొంగడి పరుచుకుని కూర్చున్న బీరన్న తాత అలా అనగానే పిల్లలంతా పకపకా నవ్వారు.

గౌరీబాయికి ఒళ్లు మండింది.

కోదాడ దగ్గరి ఆ ఊరి బడిలో ఆమెకు అదే మొదటి ఉద్యోగం. నెల తిరిగితే గురుకులం ప్రవేశ పరీక్ష. నిరుడు ఆ ఊళ్లో ఒక్కరికీ సీటు రాలేదు. ఈసారి సోనీకైనా రావాలని ఆమె పట్టుదల. రాకపోతే పిల్లను బడి మాన్పించి నాట్లకు తీసుకుపోతానని సోనీ తల్లి లక్ష్మీబాయి ముందే చెప్పేసింది.

అన్ని లెక్కలూ ఒక ఎత్తు, పాలు నీళ్ల లెక్కలు ఒక ఎత్తు. "అర్థమైందా?" అంటే "అయింది టీచర్" అని అందరిదీ ఒకటే రాగం. ఏది అర్థం కాలేదో మాత్రం ఒక్కరూ అడగరు.

బోర్డు మీద లెక్క ఇది: నలభై లీటర్ల మిశ్రమంలో పాలు, నీళ్లు 3:1 నిష్పత్తిలో ఉన్నాయి. అది 3:2 కావాలంటే ఇంకా ఎన్ని లీటర్ల నీళ్లు కలపాలి?

మధ్యలో ఈ తాత ఒకడు. ఎండాకాలమని కూతురు మణెమ్మ ఇంటికి వచ్చాడు. రెండు గొర్రెపిల్లలను తోలుకుని రోజూ బడి నీడకు చేరతాడు. పోనీ వింటాడా అంటే, చూపు బోర్డు మీద ఉండదు, పిల్లల పలకల మీద తిరుగుతుంటుంది.

"ఒకటి కాస్తా రెండైంది. ఒక్క లీటరు పోస్తే సాలదా?" తాత వదల్లేదు.

"అది లీటరు కాదు తాతా, భాగం!"

"భాగమంటే ఎంత?"

నిజమే, ఆ మాట ఆమె చెప్పనే లేదు. కుండ దగ్గరి గ్లాసులు తెచ్చి నాలుగు వరసగా పెట్టింది.

"నలభై లీటర్లు ఈ నాలుగు గ్లాసుల్ల ఉన్నయనుకో. ఒక్కోదాంట్ల పది. మూడు పాలు, ఒకటి నీళ్లు. ఇప్పుడు ఇంకో నీళ్ల గ్లాసు కావాలె. అంటే?"

"పది లీటర్లు!" సోనీ అరిచింది.

మర్నాడు తాతకు ఇంకో డౌటు.

"నీళ్లు పోస్తే పాలు తగ్గిపోతయి గద బిడ్డా?"

"పాలు యాడికి పోతయి తాతా? పాలు అన్నే ఉంటయి, నీళ్లే పెరుగుతయి."

ఆ మర్నాడు మరొకటి. గౌరీబాయి ఓపిక నశించింది.

"తాతా, నీకు ఈ జన్మల లెక్కలు రావు!"

"రాకుంటే రాకపాయె. ఇంకొక్కసారి సెప్పు బిడ్డా."

తిట్టుకుంటూనే మళ్లీ చెప్పింది.

బళ్లు తెరిచేనాటికి ఫలితాలొచ్చాయి. సోనీకి సీటు వచ్చింది. లక్ష్మీబాయి పరుగున వచ్చి టీచరమ్మ నోట్లో బెల్లం ముక్క పెట్టింది.

"పరీక్షల పాలు నీళ్ల లెక్క వచ్చింది టీచర్. మొదలు ఒక్క లీటరే అనుకున్న. తాత యాదికొచ్చి కొట్టేసిన," అంది సోనీ. "ఆ రోజు పలక మీద గూడ ఒకటే రాసిన. తాత అడిగితే నవ్విన గని, మీరు చెప్పినంక సప్పుడు గాకుండ తుడిపేసిన. అందరం అట్లనే రాసినం."

తాత తెలివితక్కువతనం పిల్లను గట్టెక్కించిందని గౌరీబాయికి నవ్వొచ్చింది. ముసలాయన మీద ప్రేమా పొంగింది. పాలకోవా పొట్లం పట్టుకుని మణెమ్మ ఇంటికి వెళ్లింది.

గుమ్మంలో గొంగడి లేదు.

"నాయినా? తొలకరి పడంగనే మా ఊరు హాలియా పోయిండు టీచరమ్మా."

"అయ్యో! తాతకు లెక్కలంటే మస్తు పాణం. పాపం, చిన్నప్పుడు బడికి పంపలేదా?"

మణెమ్మ తెల్లబోయి చూసి, తర్వాత నవ్వేసింది.

"పంపకపోవుడేంది టీచరమ్మా, నిరుడు రిటైరయ్యేదాక మా నాయిన హైస్కూల్ల లెక్కల సారు గదా!"